లకూ ళకూ నడుమ

సిరోంచ తహశీలు ఆఫీసు ముందర
నా ఇస్త్రీ బండి.
బొగ్గులు రాజుకునే లోపు
కాగితాలు పట్టుకొచ్చినవాళ్ళు
తమ పేర్లు నాతోనే చదివించుకుంటారు.
ఇంట్లో తెలుగు, బడిలో మరాఠీ,
సంతలో రెండూ కలిపి పిసికిన పిండి.
ఇక్కడ ఎవరి పేరూ
పుట్టినప్పటి బరువుతో ఉండదు.
గట్టయ్య గాట్యా అయ్యాడు,
వాళ్ళ నాయిన పేరున్న గడిలో
ఊరి పేరు పడింది.

నేను నీల.
ఒకటో తరగతి రిజిస్టరులో
వానఖేడే గురూజీ నన్ను నిళా అని రాశారు.
మరాఠీ నీలానికి ళ కావాలట,
నాలుక మడిచి అంగిట్లో తాకించాలట.
ఇంటికొచ్చి మడిచి చూపిస్తే
తమ్ముడు ఖాళీ బిందె తెచ్చి ముందు పెట్టాడు:
"నీళ్ళక్కా, నిండుతవా?"

అప్పట్నుంచి పేరును ఎటు దులిపినా
ఏదో ఒకటి రాలేది.
పొద్దెక్కి లేస్తే "ఇంకా నీలుగుతున్నవా" అని మేనత్త,
దొరగారి పంచె మా ఇంట్లో పోయిందంటే
నీలాపనింద,
తెల్లబట్టల ఆఖరి బకెట్లో
చిటికెడు నీలిమందు.
ఒక్క అక్షరం జారితే లీల:
దేవుడి ఆట, అర్థం ఎవరూ అడగరు.
ఇంకొకటి జారితే శీల:
అది మాత్రం అందరూ అడుగుతారు.

నాతో చదివిన శీలవంత్
ఇప్పుడు అడవి గార్డు.
ఖాకీ జత బండి మీద పెడుతూ
ఓ పొద్దున తనలో తనే నవ్వాడు.
"మన రాష్ట్రం సీతాకోకచిలుక పేరు నీలవంత్.
మొన్న బడిపిల్లల ముందు పెద్దసారు
నన్ను అదే పేరుతో పిలిచిండు.
పిల్లలు నా వీపు దిక్కు చూసిండ్రు,
రెక్కలున్నయేమోనని."
నడత గలవాడు శీలవంత్,
నీలం గలది నీలవంత్.
"దానిది కంటికి కనబడుతది" అన్నాడు,
"నేనే రోజూ రుజువు చూపించాలె."

ఆదివారం ప్రాణహిత ఒడ్డున
మా చాకిబండల పక్క తడి ఇసుకలో చూపించాడు.
అరచేయంత నలుపు,
వెనక రెక్కల మీద
సరిగా కలపని నీలిమందు
చారలు కట్టినట్టు నీలం.
నాలుగైదు, ముక్కు దించి తాగుతున్నాయి.
"అన్నీ మగవే. ఉప్పు కోసం వస్తయి."
ఆడది ఏదంటే
"మీ పెరటి నిమ్మచెట్టుకాడ వెతుకు.
గుడ్డు పగిలి పురుగొస్తే
ముందు పిట్టరెట్ట లెక్కనే ఉంటది,
ఏ పిట్టా ముట్టదు."
ఆ తెలివి నాకు నచ్చింది.

నిమ్మచెట్టు కింద అవ్వ బియ్యం చెరుగుతోంది.
నాకీ పేరెందుకు పెట్టినవని అడిగితే
చేట ఆపలేదు.

"మేం పెట్టిందెక్కడిది?
వానకాలం. చెన్నూరు దవాఖానకని
పడవెక్కినం. నది నడుమలనే నీళ్ళాడిన.
నాలుక పిడచకట్టుకపోయింది.
ఏం బిడ్డ, పేరేందని పడవాయన అడుగుతాండు.
నేను నీళ్ళు, నీళ్ళు అంటాన్న.
నీలనా, మంచిగుంది అన్నడు.
చుట్టూత అన్ని నీళ్ళు,
దోసెడు ఇయ్యాల్నని తోచలే ఆ మనిషికి."

రాళ్ళు ఏరి అవతల పారేసింది.

ముప్పై ఏళ్ళు గురూజీని తిట్టుకున్నాను.
ఆ రాత్రి దీపం ఆర్పి
నాలుక మడిచి, అంగిట్లో తాకించి,
ఒక్కదాన్నే నా పేరు పలికాను.
నోట్లో నీరూరింది.

తెల్లారి
శీలవంత్ చొక్కా ఆరేస్తుంటే
నిమ్మాకు మీద పిట్టరెట్ట.
బట్టకంటుతుందని గిల్లబోయి
చెయ్యి వెనక్కి తీసుకున్నాను.
బండికాడ ఎవరో పిలుస్తున్నారు,
నీలనో, నిళానో సరిగా వినబడలేదు.
అది కదులుతుందేమోనని
అక్కడే నిలబడ్డాను.