తూర్పు హద్దు

అమ్మకపు పత్రంలో నాలుగు దిక్కులూ ఉన్నాయి.
ఉత్తరం: చక్కెర మిల్లు రైలు కమ్మీలు.
దక్షిణం: గుమాస్తాల క్వార్టర్లు.
పడమర: బిగన్ సాహ్నీ వగైరాల పొలం.
తూర్పు: నారాయణీ నది.

నేను కోర్టు అమీనుని.
గొలుసు నాది, గొడవ నాది కాదు
అని ముప్ఫై ఏళ్లుగా చెప్పుకుంటున్నాను.

కమ్మీలు అంతకుముందు వేలంలోనే తుక్కు కింద పోయాయి.
వాటి అడుగు చెక్కలు టోలాలో తలుపులయ్యాయి,
ఎండెక్కితే ఇప్పటికీ తారు వాసన.
క్వార్టర్లకి పైకప్పు లేదు, లోపల ఒక మేక ఈనింది.
బిగన్ సాహ్నీ పోయి పందొమ్మిదేళ్లు.
వగైరాలు మాత్రం బతికే ఉన్నారు,
నూటనలభై మంది,
గట్టు మీద నిలబడి నన్నే చూస్తున్నారు.

చిక్కంతా నదితోనే.
పటం గీసిన ఏడు ఇక్కడ పారింది.
ఇప్పుడు ఇరవై రెండు గొలుసుల అవతల పారుతోంది.
మధ్యలో వదిలేసిపోయిన ఇసుక మీద
పర్వల్ పాదులు, కర్బూజాలు,
రెల్లు గుడిసెలు, గుడిసెకో లాంతరు.

పాట్నాలో, ఫ్యాను కిర్రుమనే గదిలో
పాటకి ముగ్గురే వచ్చారు. మూడోవాడు దగ్గి ఊరుకున్నాడు.
"ఉన్నది ఉన్నట్టు, ఉన్నచోట ఉన్నట్టు"
అన్న షరతు మీద సుత్తి పడింది.
ఉన్నది ఎక్కడుందో చూసి రమ్మని
తర్వాత నన్ను పంపారు.

కొన్నవారి మనిషి తెల్ల జీపు దిగి
బూట్ల వంక చూసుకుంటూ అన్నాడు:
"నది అంటే నది దాకా.
నది ఎటు పోతే మా హద్దు అటే."
అంత సుఖపడే హద్దుని
నేనెక్కడా కొలవలేదు.

తెతరీ దేవి ముందుకొచ్చింది, కొడవలి నడుముకి దోపుకుని.
"అమ్మిందెవరు?"
కంపెనీ, అన్నాను.
"అది చచ్చిపోయిందిగా."
దాని తరఫున లిక్విడేటరు.
"కొడుకా?"
కాదు.
"అల్లుడా, మేనల్లుడా?"
కాదమ్మా, కోర్టు పెట్టిన మనిషి.
"తలకొరివి పెట్టాడా మరి?"

ఆ గడి నా ఫారంలో లేదు.

"ఆస్తి అమ్ముకునేవాడు ఉన్నప్పుడు
అప్పు తీర్చేవాడూ ఉండాలి కదా"
అంటూ రేకు డబ్బా తెరిచింది.
చెరకు తోలిన చీటీలు, ఆఖరి సీజనువి, ముప్ఫై ఒకటి.
బండి నంబరు, తూకం, చెదలు వదిలినంత మేర సంతకం.
గడువు దాటిపోయింది, పత్రికలో ప్రకటన వేశారట, అన్నాను.
"ఇక్కడికి పత్రిక పకోడీలతో వస్తుంది నాయనా.
నూనె అంటనిచోట ఎంతుంటే అంతే చదువుతాం."
ఆమెకు అక్షరం రాదని తర్వాత తెలిసింది.
మాట మాత్రం నిజమే.

రెండోరోజు మధ్యాహ్నానికి నీళ్ల దాకా గొలుసు లాగాం.
ఒడ్డు కింద నది తొలుస్తున్న చప్పుడు.
చివరి కొయ్య ఎక్కడ దిగాలో
జీపు మనిషి వేలు చాపేలోపే ఆ చోటు
కర్బూజా పాదుతో సహా జారిపోయింది.
అతను ఒకడుగు వెనక్కి వేశాడు.
తెతరీ నవ్వలేదు. ఆ పాదు ఆమెది.

రాత్రి కాటా గదిలో పడుకున్నాను.
ఎవరో పిల్లవాడు రొట్టెలూ పర్వల్ కూరా తెచ్చి పెట్టాడు.
ఏ పక్షం తిండీ ముట్టకూడదని నిబంధన.
తిన్నాను.

తెల్లారి లెక్కపెడితే
ఏడు కొయ్యల్లో నాలుగు లేవు.
ఇసుక మీద ఎక్కడో ఒక పొయ్యిలోంచి
సాల కర్ర పొగ, మెల్లగా, ఎవరి హద్దూ అడక్కుండా.

ఛప్రాకి తిరిగొచ్చి నివేదిక రాశాను.
తూర్పు దగ్గర కలం కాసేపు ఆగింది.
నది, అనే రాశాను. అబద్ధం కాదుగా.
కింద: "ఏడు కొయ్యలు పాతబడినవి."
ముద్ర వేసేముందు మళ్లీ చదివాను.

పాతబడినవి.

కొట్టెయ్యలేదు.