పదిహేడో నోటు

రోటర్‌డామ్‌లో నాలుగున్నరకే చీకటి.
రూలోఫ్ వచ్చి నా బల్ల మీద ఒక కాగితం పరిచాడు:
ఐదు విభాగాలు ఇక నాలుగు.
విద్యుత్ విభాగం లేదు.
"నిరుటి అంకెలు కూడా మార్చెయ్ హెర్మీన్,
పక్కపక్కన పెట్టి చూసేవాళ్లకు అతుకు కనిపించకూడదు."

నిరుడును మార్చడం ఇంత తేలికని
మా అమ్మకు తెలిస్తే బాగుండేది.

ముందు ఇచ్చిపుచ్చుకోళ్లు తీసేశాను.
డిజైన్ వాళ్లు నిర్మాణం వాళ్లకు అమ్మిన గీతలు,
నిర్మాణం వాళ్లు గనుల వాళ్లకు అద్దెకిచ్చిన క్రేన్లు,
ఇంట్లోవాళ్లు ఇంట్లోవాళ్లకే పడిన బాకీలు
అన్నీ కొట్టివేత.

తర్వాత చిలీ తీరంలో ఆ కరెంటు ప్లాంటు.
గంపగుత్తకు ఒప్పుకున్న పని.
నేల కింద రాయి ఉందని ఎవరూ చెప్పలేదట.
రాయి మాత్రం ఎప్పటినుంచో అక్కడే ఉంది.
మూడేళ్ల నష్టాన్ని రెండు చేతులా ఎత్తి
'ఇతరములు'లో పెట్టాను.
పెట్టీ పెట్టగానే మిగతా నాలుగూ
తలంటిన పిల్లల్లా మెరిశాయి.

ఇతరములులో ఇంకేమున్నాయో చూశాను:
ఖాళీ చేసిన ఆఫీసు అద్దె,
ఒక దావా ఖర్చు,
ఆ రాయి పేల్చినప్పుడు కాలు పోయిన
ఒస్వాల్దో కార్కామోకు ఇవ్వాల్సిన పరిహారం.
మిలియన్లలో రాస్తే
అది అంకె కాదు,
చిన్న అడ్డగీత.

మొత్తాలు కలిశాయి. రూలోఫ్ కాఫీ ఇప్పించాడు.

ట్రామ్ ఎక్కబోతే
కూర్చుని కూర్చుని నా కుడికాలు తిమ్మిరెక్కింది.
కాసేపు అది
ఎవరి పద్దులో ఉందో తెలియలేదు.