లెక్కకు రాని బురుజు

వాది సుహైరల తొమ్మిది బురుజులున్నయి.
కొన్ని నడుము దాకా కూలినయి, కొన్ని మెడ దాకా,
ఒకటైతే ఉత్త మోకాలే మిగిలింది.
నాలుగువేల ఏండ్ల ముచ్చట అంటడు సాలిమ్,
నిన్న పొద్దుగూకి ఆ ఊర్ల పాలు పోసి వచ్చినోని తీరు.

నేను జల్లెడ పట్టేటోన్ని.
ఇబ్రిల సిమెంటు కంపెనీ మునిగితే
మట్టి మోయనీకి ఇక్కడికి తెచ్చిండ్రు.
మట్టి కూడ కాదు.
బూడిద.

వాళ్లకు తారీకులు లేవట.
ఊరందరికి ఒక్కటే నిప్పు.
ఒక బురుజు మీద నలభై రోజులు మండేది,
మండలం నిండంగనే కుండల పెట్టుకొని
పక్క బురుజుకు మోసుకపోయేటోళ్లు.
నువ్వెప్పుడు పుట్టినవు అని అడగరు,
నువ్వు పుట్టిన్నాడు నిప్పు యాడున్నది అంటరు.
దూపబురుజు మీదుండంగ నా లగ్గమైంది,
మేకలబురుజు దిగంగ మా అవ్వ పోయింది,
గట్ల మాట్లాడుకునేటోళ్లట.
పేర్లు సాలిమ్ పెట్టినయే.
అసలు పేర్లు ఏ గాలికి ఎరుకనో.

మాది గూడ గిట్లనే గదా అనుకున్న.
రోహిణిల రోళ్లు పగులుతయి,
మిర్గం నాడు చేప తినాలె.
కాకుంటే మావి చుక్కలు, వాళ్లవి రాళ్లు.
చుక్కను ఎవ్వడు ఊడబీక్కపోయి
గోడకు పెట్టుకోలేడు.

తొమ్మిది నలభైలు మూడువందల అరవై.
"మరి ఆ ఐదు రోజులు ఏమైనయి?"
అడిగింది మురాద్ బక్ష్, తుర్బత్ వాడు,
ఆగిన జీతం దినాలు వేళ్ల మీద చెప్పేటోడు.

సాలిమ్ పలక తీసి చూపిండు. బాకీల పలక.
ఒక్కో బురుజు గుర్తు కింద గింజల గీతలు
పెరుగుకుంట, పెరుగుకుంట పోతయి.
పదో గుర్తు కింద నున్నగున్నది.
ఎవ్వరు చూడంది చూసి వేలుతోని తడిమిన.
ఒక్క గీత తాకలే.

ఆ ఐదు రోజులు నిప్పు ఆర్పుతరట.
ఏ ఇంట్ల పొయ్యి ముట్టియ్యరు,
ఖర్జూరం, పచ్చిపాలు, అంతే.
పుట్టిన పోరనికి వయసు మొదలు కాదు.
మిత్తి పెరగది.

మిత్తి పెరగది అని మూడుసార్లు చెప్పిచ్చుకున్న.
మెట్‌పల్లిల మల్కన్న సేటు పుస్తకం
ఆదివారం నిద్రపోది, ఆమాస నాడు నిద్రపోది,
నేను జెరమొచ్చి పన్నెండు రోజులు పండుకున్నా
అది లేచి కూసోని రాసుకుంటనే ఉన్నది.

పదో బురుజు దొరుకలే.
"దాని రాయికి పది గుంటలుంటయి.
మసి మాత్రం ఉండది.
నిప్పు మొఖం చూడని రాయి ఈ వాదిల అదొక్కటే"
అన్నడు సాలిమ్.
తొమ్మిది రోజులు తవ్వినం.

పదో రోజు రాత్రి అన్నం వార్చుకుంట
వంగి చూసిన.
క్యాంపు కట్టిన్నాడు కాంట్రాక్టరు
ట్రాక్టరేసుకొని వాదిల రాళ్లు ఏరుకొచ్చిండు.
అండ్ల ఒకటి రెండేండ్ల సంది నా పొయ్యికి ఎడమ గడ్డ.
గిన్నె గుంజి, సెల్‌ఫోన్ లైటు పట్టి లెక్కపెట్టిన.
పది గుంటలు. పదింట్ల మసి.

ఇసుకతోని తోమిన. బట్టల సబ్బుతోని తోమిన.
నిమ్మతొక్క, ఇనుప పీచు.
మురాద్ లేచి, పిచ్చి లేసిందా అన్నడు, మల్లా పండుకున్నడు.
నాలుగువేల ఏండ్లు తెల్లగున్నదాన్ని
రెండేండ్ల పప్పుచారుతోని నల్లగ చేసిన.
ఇప్పుడు చెప్పినా ఇది అదే అని
రాయి గూడ ఒప్పుకోది.

ఐదు రోజులు పొయ్యి ముట్టియ్యలే.
ఖర్జూరం తిన్న, డబ్బా మజ్జిగ తాగిన.
కడుపుల బాగలేదన్న మురాద్‌కు.
పుస్తకంల ఆ ఐదు తారీకులు రాయలే,
మల్కన్న రాసుకున్నడో ఏమో.

ఆరో నాడు సాలిమ్ క్యాంపుకొచ్చిండు.
పొయ్యి పక్కన కాళ్లు చాపుకొని కూసున్నడు,
ఎడమ గడ్డకు చెప్పు ఆనిచ్చి.
చాయ్ పోసిన.
మంచిగున్నది, ఇంకో బుక్కెడు పొయ్యి అన్నడు.