ఇసుక కావలి

దొమ్మసంద్ర దాటినాక
పద్నాలుగో అంతస్తు కాడ కోర్టు స్టే వచ్చి
ఆగిపోయిన బిల్డింగు వెనక
ఎనిమిది లారీల ఇసుక ఉండాది.
దానికి నేను కావలి.
రాత్రి ఎనిమిది నుంచి పొద్దున ఎనిమిది దాకా,
నెలకు పదమూడు వేలు, ఒక విజిలు, ఒక టార్చి.

కుప్పే కదా అనుకుంటారు రోడ్డున పోయేవాళ్లు.
మొదటి వారం నేనూ అట్లే అనుకున్యా.
ఒక రాత్రి చుట్టూ తిరిగొద్దామని బయల్దేరితే
అవతలి కొస రాలేదు.
నడిచినా, నడిచినా,
టార్చిలో సెల్లు అయిపోయింది, చెప్పు తెగింది,
గడ్డం చేతికి అందేంత పెరిగింది.
తిరిగొచ్చి చూస్తే
స్టవ్వు మీద పెట్టిపోయిన టీ
ఇంకా పొంగలేదు.

అక్కడ అడుగుజాడ ముందు పడుతుంది.
కాలు నింపాదిగా వెనక వచ్చి దాంట్లో కుదురుకుంటుంది.
దగ్గు ముందు, బీడీ తర్వాత.
ఒక మధ్యాహ్నం ఉండాది,
ఎవరో మరిచిపోయిన గొడుగు మాదిరి
రాత్రిలో కూడా అదే చోట నిలబడి ఉంటుంది,
దాని కిందికి పోతే మాడు కాలుతుంది.
నిన్న అనేది ఎడమ పక్క.
గాలి మారితే కుడి పక్క.

సూపర్‌వైజరు చెంగల్రాయుడికి చెప్పినా,
"సార్, నిన్నటి డ్యూటీలో నాకు ముప్పై ఏళ్లు గడిచినాయి" అని.
రిజిస్టరు తిప్పి చూసి
"ఒక నైటే రాసుండాది కదప్పా" అన్యాడు.
మిగతాదానికి ఓటీ ఎవరిస్తారు?

పని ఆగినా ఊరికి పోలేక షెడ్డులో ఉండిపోయిన
సింధనూరు వాళ్ల పిల్ల శివలీల
ఒక్కతే నా మాట నమ్మింది.
ఇసుకను వాళ్ల భాషలో మరళు అంటారంట.
తిరిగి రావడానికి కూడా అదే మాటంట.
"ఏదన్నా ఒకటే తాతా" అనింది
ముక్కు తుడుచుకుంటా.
ఆ మాట పంటి కింద పడి
మూడు పూటలు నాకు అన్నం సహించలేదు.

ఎందుకంటే ఈ ఇసుక యాడిదో నాకు తెలుసు.
ఎవరికీ చెప్పలేదంతే.
పట్టలు కప్పుకుని అర్ధరాత్రి లారీలు దిగిన రోజే
ఒక పిడికెడు తీసి వాసన చూసినా.
దోసపాదుల వాసన.
పెన్న.
మా ఊరి కింద పెన్న.
ఏరు ఎండిందని నేను బెంగళూరుకొస్తే
ఏరు కూడా కూలికొచ్చినట్టు
నా ఎనకే వచ్చింది.

నిన్న మాపటేల శివలీల కుప్ప నడుమ కూర్చుని
చేతులతో తోడుతా ఉండాది.
దానికి చెలమ తోడడం ఎవరు నేర్పినారో!
మోచెయ్యి దాకా దింపింది, భుజం దాకా దింపింది.
మూడు రోజులుగా ఈ పక్కకు టాంకరు రాలేదు,
బిందెలు వరసలో పడుండాయి, నోళ్లు తెరుచుకుని.
"తడి తగిలింది తాతా."

నేను వంగినా.
లోపల, చానా లోపల, రూపాయి బిళ్లంత నీళ్లు.
అందులో ఆకాశం. ఇక్కడి ఆకాశం కాదు,
దాంట్లో క్రేను లేదు.
నా కంటే ముందే ఎవరో వంగి చూస్తాండాడు,
ఎనిమిదేళ్లుంటాయేమో,
ముందు పన్ను లేదు.
వాడి వెనక నుంచి మా అమ్మ గొంతు:
"సుంకన్నా, అప్పుడే తాగొద్దురా. తేరుకోనీ."

తేరుకోనిస్తాండా.
అంతలోకే పొద్దున ఎనిమిదయింది.
పగటి కావలివాడు ఇంకా రాలేదు.
రిజిస్టరులో పోయే టైము కాడ ఏం రాయాలో తెలీక
పెన్నుకు మూత పెట్టినా.
శివలీల స్టీలు గ్లాసు తెచ్చుకుని
గుంత పక్కన గొంతుక్కూర్చుంది.

గాలి మారింది.
నిన్న, ఇప్పుడు, కుడి పక్క.