బొటనవేలెత్తు నీరు

మొయ్‌నాక్‌లో ఓడలు ఇసుక మీద నిలబడి ఉంటాయి,
ఎవరో పిలిస్తే వచ్చి
పిలిచిందెవరో మరిచిపోయినట్టు.
వాటిలో మూడోదాని నీడలో
ఉల్బోసిన్ నాకు పని నేర్పింది.

ఆమె పేరుకి 'కొడుకు పుట్టనీ' అని అర్థం.
ఐదో ఆడపిల్లని చూసి
తండ్రి లోకం మీద వేసిన మంత్రం అది.
పారలేదు. ఆరోదీ ఆడపిల్లే.
"నన్ను కేకేసిన ప్రతిసారీ
మాటతో లోకం మారదని మా ఊరు మళ్ళీ తెలుసుకుంటుంది"
అని నవ్వేది, పళ్ళతో దారం కొరుకుతూ.

మొదటి ఏడాది ఏదీ ముట్టుకోనివ్వలేదు.
మూతపడ్డ చేపల ఫ్యాక్టరీ గోడకి ఆనుకుని కూర్చోమంది.
మధ్యాహ్నం గాలి ఆగినప్పుడు
కళ్ళు సగం మూస్తే కనిపిస్తాయట,
ఉన్నదాని పడుగు,
జరుగుతున్నదాని పేక.
పదకొండు నెలలు నాకు ఈగలే కనిపించాయి.
పన్నెండో నెలలో, ఒక ఈగ వెనకాల, సన్నగా
ఒక పోగు.

అప్పుడు చెప్పింది:
గోటితో పట్టు, గుప్పిటతో కాదు.
లాగేముందు అది ఎక్కడిదాకా పోతుందో నడిచి చూసి రా.
నడవలేనంత దూరమైతే వదిలెయ్.

నేను నడవలేదు.
అమ్మ టీ గిన్నె పగిలింది, నీలం పువ్వులది.
ఒక్క పోగు లాగాను.
పెంకులు వెనక్కి పాక్కుంటూ వచ్చి అతుక్కున్నాయి,
గీత కూడా లేదు.
తెల్లారేసరికి జుమాగుల్ వాళ్ళ ఒంటె
తన పిల్లని గుర్తుపట్టలేదు.
మూడు రోజులు జుమాగుల్ దాని మెడ నిమురుతూ పాడింది,
పిల్ల అరుపు వింటూ ఊరంతా అన్నం మానేసింది.
ఉల్బోసిన్ నన్ను ఒక్క మాటా అనలేదు.
గిన్నె తెచ్చి నా చేతిలో పెట్టింది.
నేనే నేలకేసి కొట్టాను.
ఒంటె చేపుకొచ్చింది.

ఒక సాయంత్రం తజిమురాత్ వచ్చాడు,
ఆ మూడో ఓడకి ఒకప్పుడు కెప్టెన్.
"ఇంత తెలిసినదానివి, సముద్రాన్ని తేలేవా?"

ఆమె చాలాసేపు దారం చుట్టుకుంటూ ఉండిపోయింది.
"ఎక్కడో బల్ల మీద పటం పరిచి
నది పోగు పట్టి లాగారయ్యా. గుప్పిటతో.
సముద్రాన్నంతా పత్తి చేసి వడికేశారు.
నీ చొక్కా విప్పి చెవి దగ్గర పెట్టుకో,
నీ అలలు అందులోనే ఉన్నాయి.
తిరిగి లాగితే ఎన్ని ఊళ్ళలో
ఎందరు పసివాళ్ళ ఒంటి మీది బట్ట ఊడుతుందో
చూద్దామని బయల్దేరాను.
ముప్పై ఏళ్ళు నడిచాను.
అంచు దొరకలేదు."

తజిమురాత్ నిజంగానే చొక్కా విప్పాడు.
చెవికి ఆనించుకున్నాడు.
మేమెవరం నవ్వలేదు.

ఆ చలికాలం అతనికి దగ్గులో నెత్తురు పడింది.
ఒక రాత్రి ఉల్బోసిన్ లాంతరు లేకుండా వెళ్ళింది.
ఎవరి గుమ్మమూ తొక్కకుండా
తన దగ్గర మొదలై తన దగ్గరే ఆగే పోగు కోసం
వెతికిందనుకుంటాను.

పొద్దున ఓడ చుట్టూ నీళ్ళు.
బొటనవేలెత్తు. అంతే.
ఉప్పగా ఉన్నాయి, నేను నాకి చూశాను.
తజిమురాత్ ప్యాంటు మడుచుకుని
వాటిలో మధ్యాహ్నం దాకా నిలబడ్డాడు,
ఎవరితోనో గొడవపడుతున్నట్టు, వల ఇటు లాగండ్రా అంటూ.
తర్వాత ఇసుక తాగేసింది.

ఆ రోజు నుంచీ
ఉల్బోసిన్ అని పిలిస్తే ఆమె తల తిప్పదు.
ఊళ్ళో ఎవరికీ ఆ పేరు గుర్తులేదు,
ఏయ్ అంటారు, అక్కా అంటారు, పలుకుతుంది.
చెల్లెలికి మాత్రం అప్పుడప్పుడూ
ఏదో మాట నోటిదాకా వచ్చి ఆగుతుందట.

నాకెందుకు మిగిలిందో తెలీదు.
పోకముందే రాసి పెడుతున్నాను.
ఇదీ పోగు లాగడమే కావచ్చు.
ఎక్కడిదాకా పోతుందో
ఇంకా నడిచి చూడలేదు.