వట్రువ

పర్లాకిమిడిలో బోర్డు రాయాలంటే
రెండు రకాల గుండ్రం తెలియాలనేవాడు
మా మేస్త్రి కొర్ని లింగరాజు.
ఒడియా అక్షరానికి నెత్తిమీద గొడుగు,
తెలుగు అక్షరానికి తలకట్టు, కింద బొజ్జ.
మధ్యలో బ్రష్షు, తను, నిచ్చెన.
నిచ్చెన పట్టుకోవడం నా పని.

మొదటి వారమే
మందుల షాపు సాహుబాబు కింద నిలబడి
"టికే గోల కర, గోల కర" అన్నాడు.
పదకొండేళ్ళవాణ్ణి. తెలుగులోనే విన్నాను.
గోల చెయ్యమంటున్నాడు కాబోలని
రంగు డబ్బా మీద పుల్లతో డమడమ వాయించాను.
మేస్త్రి నిచ్చెన మీద నవ్వీ నవ్వీ
ఔషధంలో ఔ తోక వంకర పోయింది.
చాలా ఏళ్ళు అలాగే ఉండేది ఆ వంకర.
"గోల అంటే గుండ్రమొరే గుంటడా!
ఆల గుండ్రం మన సెవిన పడితే సద్దయిపోద్ది."

మధ్యాహ్నం చద్దన్నం తిన్నాక
కిరసనాయిలులో బ్రష్షులు కడుగుతూ
మాటలు కూడా కడిగేవాడు.
గుండ్రని అన్నది అందరి మాటట,
సైకిలు చక్రానికైనా జాబిలికైనా ఒకటే ధర.
బటువు అన్నది తూకం ఉన్న మాట,
లోపల ఏదో నిండితే గాని రాదు ఆ గుండ్రం.
నానిన శనగగింజ బటువు,
పాలు తాగి పడుకున్న పసివాడి మెడ బటువు.
ఖాళీ కుండని అలా అనకూడదు,
కుండ నొచ్చుకుంటుంది.
"గుండుసున్నాకి ఏ విశేషణమూ అక్కర్లేదు,
నా పాసుబుక్కు సూడు, తెలుస్తాది."

ఇక వట్రువ.
ఆ మాట అనేటప్పుడు
బ్రష్షు లేకపోయినా చెయ్యి గాల్లో తిరిగేది.
వాళ్ళ నాన్న కొమ్ముబొమ్మల పనివాడు.
గేదెకొమ్ముని ఆకురాయితో రుద్ది రుద్ది
ఎక్కడా మూల తగలకపోతే
బొటనవేలితో ఒక్కసారి చుట్టూ తడిమి
"వట్రువయింది" అనేవాడట.
ఇంట్లో ఆ మాట ఇంక దేనికీ వాడేవారు కాదట,
లడ్డూకి కూడా.

మా పనిలో అది ఒక్కచోటే మిగిలింది.
వట్రసుడి.
కృష్ణా రైస్ మిల్లుకి, అమృతా స్వీట్సుకి, గృహప్రవేశానికి
కింద, కుడివైపు, ఒక్క సుడి.
"అచ్చరం అంతా అయినాక అదెట్టు.
ఊపిరి బిగబట్టి ఒక్క తిప్పు.
మద్దెలో ఆగినావో, పురుగులా ఉంటాది."
ఎనిమిది నెలలు నాచేత
బడ్డీ వెనక గోడ మీద సున్నంతో సుడులే పెట్టించాడు.
వానొస్తే మళ్ళీ మొదటినుంచి.

ఇప్పుడు నాది ఫ్లెక్సు షాపు, బస్టాండు ఎదురుగా.
బోర్డుల్లో తెలుగు లైను సన్నబడింది.
నేనే అడుగుతుంటాను, తెలుగు కూడా వెయ్యమంటారా అని.
చోటుంటే వెయ్యి, అంటారు.

మొన్న మేస్త్రి వచ్చాడు.
చేతులు వణుకుతున్నాయి.
మనవరాలు మృదుల ఓణీల ఫంక్షనుకి బేనరు కావాలి.
కొత్త ఫాంటులో టైపు చేశాను.
మ ఒకచోట, సుడి ఒకచోట పడ్డాయి,
సుడికి తోడుగా, చుక్కలతో గీసిన చిన్న సున్నా.
"అదేటి?"
అక్షరం దొరక్కపోతే అలా చూపిస్తుంది మేస్త్రీ,
ఎవరో కూర్చోవలసిన చోటు.
కళ్ళద్దాలు తుడుచుకుని చాలాసేపు చూశాడు.
"గుండ్రంగానే ఉంది" అన్నాడు.
"వట్రువ కాదు. సుక్క సుక్కకీ ఆగిపోనాది."

ఫాంటు మార్చాను, సరిగానే వచ్చింది.
బేనరు బల్ల మీద పరిచాక
నా కౌంటరు మీది మార్కరు తీసుకుని
మెషీను వేసిన సుడి మీదకి వంగాడు.
నాకు తెలియకుండానే లేచి
రెండు చేతులా బల్ల గట్టిగా పట్టుకున్నాను.

వణికింది గీత.
మధ్యలో ఒకచోట ఆగింది కూడా.
డబ్బులిస్తూ, నావైపు చూడకుండా,
"పురుగులా ఉందేటి?" అన్నాడు.

నేను చిల్లర లెక్కపెడుతున్నాను.
బయట గునుపూరు బస్సు దగ్గర ఏదో గోల.
ఏ భాషలోదో వినలేదు.