మంట తగ్గించడం

పెనం కింద మంట ఎప్పుడు తగ్గించాలో
నాకు ముక్కే చెప్తుంది.
ఇరవై ఏండ్లు గానుగ కాడ నిలబడినోణ్ణి.
నురుగు రంగు మారకముందే
పొయ్యిలోంచి చెరుకుపిప్పి వెనక్కి లాగేస్తాను.
ఒక్క నిమిషం ఆలస్యమైతే పాకం ముదురుతుంది,
అచ్చుకి మాడు వాసన పడుతుంది,
చిత్తూరు మండీలో నల్లబెల్లం కింద కట్టేస్తారు.

నా బిడ్డ కాడ మాత్రం ముక్కు పని చెయ్యలేదు.

మోక్షితకి నాలుగేండ్లు.
ముందు జలుబు, రెండు దినాలు జరం,
తగ్గింది కదా అనుకున్నాము.
తర్వాత కడుపునొప్పి అనింది. వాంతి చేసుకునింది.
ఐరాల ఆర్‌ఎంపీ గ్యాసు అన్నాడు, సిరప్ ఇచ్చినాడు.
మా అమ్మ ఎండుమిరపకాయలు తిప్పి పొయ్యిలో వేసింది,
ఘాటు రాలేదు, దిష్టే అనింది.
గానుగ కాడికి పరిగెత్తుకొని వచ్చే పిల్ల
సగం దారిలో కూర్చునింది.
"నాయనా, ఎత్తుకో" అనింది.
బద్ధకం అనుకుంటిని.
ఒకసారి తిట్టినాను కూడా.

ఆ తిట్టుని ఇప్పుడు యాడ పెట్టుకునేది?

రాత్రి కాళ్ళు తాకితే బోరు పైపు మాదిరి చల్లగా.
నుదుటి మీద చెమట.
ఊపిరి తీసినప్పుడల్లా పక్కటెముకల కింద గుంట.
ఎద మీద చెయ్యి పెట్టినాను.
గానుగ ఇంజను బెల్టు జారినప్పుడు
చక్రం ఒట్టిగా తిరుగుతుంది చూడండి,
వేగం ఉంటుంది, రసం రాదు.
అట్లా కొట్టుకుంటా ఉంది.

నూట ఎనిమిదిలో పూతలపట్టు దాటినాము.
పాకాల కాడ రైలుగేటు వేసినారు.
గూడ్సు. పెట్టెలు లెక్కపెట్టినాను,
నలభై తర్వాత లెక్క తప్పింది.
వసంత బిడ్డ ముక్కు మీది మాస్కు పట్టుకొని
ఒక్క దేవుడి పేరూ ఎత్తలేదు.
చంద్రగిరి దాటినాక కొండ మీద దీపాలు కనపడినాయి.
"ఇంకెంత దూరం" అనింది, అంతే.

తిరుపతి ఆసుపత్రిలో, తెర మీద,
నలుపూ తెలుపూ సంచి ఒకటి సోలిపోతా కదలతా ఉంది.
"ఇది గుండె. కండ వాచింది.
జలుబు తెచ్చిన పురుగే లోపలికి పోయింటాది.
దాన్ని తరమబోయిన మన రక్తమే
గుండెకి మంట పెట్టింది" అనింది డాక్టరమ్మ.

మంట.
ఆమె చెప్పినదాంట్లో నాకు తెలిసిన మాట అదొక్కటే.
"తగ్గించేది ఎట్లా మేడమ్?"
"గుండెకి పని తగ్గిస్తాము. ఒంట్లో నీరు తీస్తాము.
మందుతో ఊతమిస్తాము.
మిగతాది అదే చేసుకోవాల."

ఆరు దినాలు వరండాలో అట్టపెట్టె పరుచుకొని పడుకున్నాము.
పక్కన గూడూరు వాళ్ళు. పదినెలల మగబిడ్డ,
పాలు తాగతా తాగతా ఆగిపోతాడంట. అదే జబ్బు.
వాళ్ళమ్మ ఫ్లాస్కులో మాకూ కాఫీ తెచ్చేది.
ఐదో దినం పొద్దున
ఆ ఫ్లాస్కు మూత లేకుండా కిటికీలో ఉండిపోయింది.
వసంత దాన్ని కడిగింది, తుడిచింది,
మూత వెతికి బిగించి పెట్టింది.
తీసుకోను ఎవరూ రాలేదు.

మా బిడ్డని మాకిచ్చి పంపినారు.
పొద్దున అరమాత్ర, రాత్రి అరమాత్ర,
నెలకోసారి ఎకో,
ఆరు నెలలు పరుగు వద్దు.
నాలుగేండ్ల పిల్లకి పరుగు వద్దని
ఏ నోటితో చెప్పేది?

చెప్పలేదు.
పొగ రాని పక్క పీట వేసినాను.
"ఇక్కడ కూర్చో. మంట ఎప్పుడు తగ్గించాలో
ఇంకమీద నువ్వే చెప్పాల" అన్నాను.
పెద్దమనిషి మాదిరి నురుగునే చూస్తా కూర్చుంటుంది.
పాకం ఇంకా పచ్చిగా ఉండంగానే
"ఇప్పుడు నాయనా!" అని అరుస్తుంది.
లాగేస్తాను.

ఈ ఏడు నా బెల్లం సగం గట్టిపడలేదు.
మండీలో శెట్టి అచ్చు విరవబోయినాడు,
అది వేళ్ళకి అంటుకొని సాగింది.
"ఏం చెంగల్రాయా, చెయ్యి మరిచినావా" అన్నాడు.

అవునన్నాను.